ఆత్మపాషండం, పరపాషండం

పాషండ అనే మాట ఇప్పుడు తెలుగువాళ్ల నోట నిత్యం వినిపించేది కాదు. పురాణ ప్రవచనాల్లో, పాత కావ్యాల్లో, మతం మీద వాదోపవాదాలు ముదిరినప్పుడు రాసే వ్యాసాల్లో తారసపడుతుంది. అదీ ఎక్కువగా విశేషణంగానే: పాషండ మతం, పాషండ వాదం, పాషండ శాస్త్రాలు. వినగానే పాషాణం గుర్తుకొచ్చి, గుండె బండబారిన మనిషి ఎవరో కళ్లముందు మెదులుతాడు. నిజానికి ఆ రెండు మాటలకూ ఏ చుట్టరికమూ లేదు. నిఘంటువు తెరిస్తే వేదబాహ్యుడు, నాస్తికుడు, దుర్మార్గంలో పడ్డవాడు అనే అర్థాలు కనిపిస్తాయి. ఎటు చూసినా నిందే. ఎవరూ తమను తాము పాషండులమని చెప్పుకోరు. అది ఎప్పుడూ ఎదుటివాడి మెడలో వేసే మాటే.

ఇదే మాట తెలుగు నేల మీద మొదట రాతిలోకి ఎక్కినప్పుడు దానిలో నింద ఇసుమంత కూడా లేదు.

కర్నూలు జిల్లాలో గుత్తి నుంచి పత్తికొండకు వెళ్లే దారిలో ఎర్రగుడి ఉంది. ఊరికి దగ్గర్లో ఉన్న గుట్ట బండల మీద అశోకుడి శాసనాలున్నాయి. 1929లో ఒక భూగర్భశాస్త్రవేత్త వాటిని గుర్తించాడు. పద్నాలుగు పెద్ద శిలాశాసనాలూ, వాటితోపాటు చిన్న శిలాశాసనాలూ ఒకేచోట ఉన్న అరుదైన తావు అది. భాష ప్రాకృతం, లిపి బ్రాహ్మి. ఆ పద్నాలుగింటిలో పన్నెండోది పూర్తిగా పాషండాల గురించే. కళింగలో ధౌలి, జౌగడల దగ్గర ఈ పన్నెండో శాసనాన్ని చెక్కించలేదు. మన ఎర్రగుడిలో చెక్కించారు. క్రీస్తుకు పూర్వం మూడో శతాబ్దంలో ఈ మాటకు ఏ అర్థం ఉండేదో తెలుసుకోవాలంటే మనం చాలా దూరం పోనక్కర్లేదు.

ఆ శాసనం చెప్పేది ఇది. రాజు పాషండాలన్నిటినీ, వాటిలోని సన్యాసులనూ గృహస్థులనూ దానాలతో, రకరకాల గౌరవాలతో పూజిస్తాడు. అయితే దానాలకన్నా, గౌరవాలకన్నా ఆయనకు ముఖ్యమైనది అన్ని పాషండాలలోనూ సారం పెరగడం. సారం పెరగడానికి మూలం నోటిని కాపాడుకోవడం. దానికి శాసనం వాడిన మాట వచగుతి, అంటే వాగ్గుప్తి. సందర్భం లేకుండా తన పాషండాన్ని పొగడకూడదు, పరుల పాషండాన్ని తెగడకూడదు. సందర్భం వచ్చినా మితంగా మాట్లాడాలి. మన పాషండాన్ని వెలిగించాలన్న భక్తితో ఎదుటి పాషండాన్ని తిట్టినవాడు తన పాషండానికే గట్టి దెబ్బ కొడుతున్నాడు. కాబట్టి అందరూ కలిసి ఉండడమే మంచిది. ఒకరి ధర్మాన్ని మరొకరు వినాలి, వినాలని కోరుకోవాలి. ప్రతి పాషండమూ బహుశ్రుతం కావాలి.

ఇందులో రెండు సమాసాలు ఆగి చూడదగ్గవి. ఒకటి ఆత్మపాషండం. గిర్నార్ ప్రతిలో ఆత్ప అని ఉంటుంది, అర్థం తనది అనే. రెండోది పరపాషండం. పాషండం అన్నది తనకూ ఉంది, ఎదుటివాడికీ ఉంది. ఒకే మాట, ముందు చేరే పదం మాత్రం వేరు. ఎవరి నోట్లో ఉంటే వారికి ఒకటి ఆత్మ, మిగతావి పర. ఏడో శాసనంలో అశోకుడు పాషండాలన్నీ అన్నిచోట్లా నివసించాలని కోరుకున్నాడు, అన్నిటికీ కావలసింది సంయమమూ భావశుద్ధీ అని. కళింగ యుద్ధం గురించి చెప్పే పదమూడో శాసనంలో ఇంకో అడుగు ముందుకు వేశాడు. ఏదో ఒక పాషండం మీద మనసు లేని మనుషులు ఉన్న చోటు ఎక్కడా లేదన్నాడు. ఆ లెక్కన పాషండానికి బయట ఉన్నవాడు లేడు. బౌద్ధ ఉపాసకుడైన చక్రవర్తి కూడా ఒక పాషండానికి చెందినవాడే.

ఈ అర్థం మనం ఊహించి చెబుతున్నది కాదు, అనువాద సాక్ష్యం కూడా ఉంది. 1963లో అఫ్ఘానిస్తాన్‌లోని కాందహార్‌లో అశోకుడి పన్నెండు, పదమూడు శాసనాల గ్రీకు అనువాదం ఉన్న రాయి దొరికింది. పాషండ అన్నచోట అనువాదకుడు దియాత్రిబే అనే మాట వాడాడు. గ్రీకులు తత్త్వవేత్తల శిష్యపరంపరను, వారు కూడి చర్చించుకునే బడిని ఆ మాటతో పిలిచేవారు. అశోకుడి కాలంలోనే ఆ మాట విన్నవాడికి దానిలో తోచింది ఒక గురువు, ఒక శిష్యగణం, ఒక ఆలోచనా మార్గం. అంతకు మించి ఏ మరకా లేదు. కొంతకాలానికి భువనేశ్వర్ దగ్గర ఉదయగిరిలోని హాథీగుంఫా శాసనంలో కళింగరాజు ఖారవేలుడు తనకు తాను ఒక బిరుదు ఇచ్చుకున్నాడు: సర్వపాషండ పూజకుడు. ఆయన జైనుడు. ఈనాడు ఆ బిరుదును ఉన్నదున్నట్టు తెలుగులో పెడితే వినేవాడు ఉలిక్కిపడతాడు. ఆనాడు అది రాజుకు కీర్తి.

మాట పుట్టుక గురించి భాషావేత్తలు ఏకాభిప్రాయానికి రాలేదు. ఇప్పటి పాకిస్తాన్‌లోని షాబాజ్‌గఢీ శాసనంలో ఈ మాట ప్రషండ అన్న రూపంలో ఉంది. ఆ రేఫను ఆధారం చేసుకుని కొందరు దీన్ని పరిషత్, పార్షద అనే మాటలతో కలుపుతారు. అదే నిజమైతే పాషండం అంటే మొదట కూటమి, సభ. మన జిల్లా పరిషత్తు, సాహిత్య పరిషత్తు దానికి దాయాదులవుతాయి.

మరి పేరు తిట్టుగా ఎప్పుడు మారింది? ఒక్కరోజులో మారలేదు, ఒక్కరే మార్చలేదు. బౌద్ధుల పాళి గ్రంథాల్లోనే ఈ మాట ఇతరుల వైపు వేలు చూపడం మొదలుపెట్టింది. సంయుత్త నికాయంలో సీసుపచాల అనే భిక్షుణిని, సాధకులను ప్రలోభపెట్టే మారుడు అడుగుతాడు, నీకు ఎవరి పాషండం నచ్చిందని. ఎవరిదీ నచ్చలేదు, పాషండాలు ఇక్కడికి బయట ఉండేవి అన్న అర్థంలో ఆమె జవాబు చెబుతుంది. తన దారి పాషండాల్లో ఒకటి కాదని ఆమె ఉద్దేశం. తరవాతి పాళి వ్యాఖ్యాతలు ఈ మాటలో పాశాన్ని చూశారు. దృష్టుల వల పన్నేవారు కనుక పాషండులన్నారు. అవతలి పక్షంవారు అదే మాటను మరోలా విడగొట్టారు. పా అంటే లోకాన్ని పాలించే వేదధర్మం, దాన్ని ఖండించేవాడు పాషండుడు. ఆ నిర్వచనం ప్రకారం బౌద్ధులూ జైనులూ పాషండులు. ఒకే పదాన్ని ఇరుపక్షాలూ విడగొట్టి, ఎవరికి కావలసిన దోషాన్ని వారు అందులోంచి తీశారు. శబ్దశాస్త్రం ముందు ఈ రెండు వ్యుత్పత్తులూ నిలబడవు. ఆ మాటను ఎవరు ఎవరి మీదికి విసిరారో మాత్రం రెండూ చక్కగా చెబుతాయి.

ధర్మశాస్త్ర, అర్థశాస్త్ర గ్రంథాల్లో ఈ మార్పు సగంలో కనిపిస్తుంది. కౌటిల్యుడు ఒకచోట ఆశ్రమవాసులూ పాషండులూ విశాలమైన చోట ఒకరికొకరు అడ్డం రాకుండా ఉండాలనీ, చిన్నచిన్న ఇబ్బందులు ఓర్చుకోవాలనీ చెబుతాడు. అదే గ్రంథంలో నగర నిర్మాణం చెప్పేటప్పుడు పాషండులకూ చండాలులకూ శ్మశానం అంచున చోటు చూపిస్తాడు. నారదస్మృతి పాషండుల, వర్తక సంఘాల కట్టుబాట్లకు సమయం అని పేరుపెట్టి, కోటలోనూ పల్లెల్లోనూ రాజు వాటిని కాపాడాలంటుంది. మనుస్మృతి మాత్రం గట్టిగా తలుపు మూసింది. పాషండులు ఇంటికి వస్తే మాటతోనైనా గౌరవించవద్దని నాలుగో అధ్యాయంలో చెప్పింది. జూదరులతో, కల్లు అమ్మేవారితో కలిపి వాళ్లను ఊరినుంచి వెళ్లగొట్టమని తొమ్మిదో అధ్యాయంలో రాజుకు చెప్పింది. ఒక గ్రంథంలో హక్కులున్న సంఘం, ఇంకో గ్రంథంలో ఊరి బయటికి గెంటవలసిన గుంపు. పేరు మాత్రం ఒకటే.

ఆ తలుపు మూసుకున్నాక ఏం జరిగిందో విష్ణుపురాణం మూడో అంశలోని ఒక కథ చూపిస్తుంది. వెన్నెలకంటి సూరన ఈ పురాణాన్ని తెలుగు చేశాడు. శతధనువు అనే రాజు, ఆయన భార్య శైబ్య కార్తికంలో ఉపవాసం ఉండి గంగలో స్నానం చేసి ఒడ్డుకు వస్తారు. ఎదురుగా ఒక పాషండుడు వస్తాడు. అతను రాజుకు విలువిద్య నేర్పిన గురువుకు స్నేహితుడు. గురువు మీది గౌరవంతో రాజు అతన్ని పలకరిస్తాడు. రాణి పెదవి విప్పదు, సూర్యుడి వైపు చూస్తుంది. ఆ రాజు చేసిన తప్పు అంతే. చనిపోయాక ఆయన కుక్కగా పుడతాడు. రాణి కాశీరాజు కూతురై పుట్టి, పూర్వజన్మ జ్ఞానంతో విదిశలో ఆ కుక్కను వెతికి పట్టుకుని, ఆ పలకరింపును గుర్తుచేస్తుంది. ఆ తరవాత నక్క, తోడేలు, గద్ద, కాకి, నెమలి జన్మలు. చివరికి జనకుడి అశ్వమేధంలో, యాగం ముగింపున చేసే అవభృథ స్నానం చేయించాకగానీ ఆయనకు మనిషి పుట్టుక దక్కదు.

ఈ కథను ఎర్రగుడి బండ పక్కన పెట్టి చదవాలి. రెండింటి విషయమూ నోరే. రెండూ నోటిని అదుపులో పెట్టుకోమనే చెబుతున్నాయి. శాసనం ఎదుటివాణ్ణి నొప్పించకుండా ఉండేందుకు నోటిని అదుపు చేయమంది. పురాణకథ ఎదుటివాడితో అసలు మాట కలపకుండా ఉండేందుకు అదుపు చేయమంది. శాసనం వినమన్న గొంతును కథ వినకూడదంది. అతను గురువుగారి స్నేహితుడన్న సంగతిని కథకుడు దాచలేదు. ఊళ్లో అందరితో కలిసి తిరిగే మనిషే, విద్య తెలిసినవాళ్లతో స్నేహం ఉన్నవాడే. అంత దగ్గరివాడు గనుకే అంత కఠినమైన శిక్ష కావలసి వచ్చింది. దూరంగా ఉన్నవాడి గురించి ఇంత భయం ఎవరికీ ఉండదు.

భాగవతం నాలుగో స్కంధంలో, పోతన తెలుగు చేసిన భాగంలోనే, ఈ మాటకు మరో మలుపు ఉంది. పృథు చక్రవర్తి నూరో అశ్వమేధం చేస్తుంటే ఇంద్రుడు అసూయతో దొంగవేషాలు వేసి గుర్రాన్ని ఎత్తుకుపోతాడు. వెంబడించినప్పుడల్లా వేషం వదిలేసి మాయమవుతాడు. ఆయన విడిచిన ఆ వేషాలనే తెలివిలేని మనుషులు తొడుక్కున్నారనీ, దిగంబరులూ ఎర్రబట్టలవారూ అలా వచ్చారనీ కథ. నిఘంటుకారుడు అమరసింహుడు పాషండులంటే సర్వలింగులని అప్పటికే చెప్పాడు. లింగం అంటే ఇక్కడ గుర్తు, చిహ్నం. రకరకాల మతచిహ్నాలు ధరించేవారని దాని అర్థం. చిహ్నం వేషమైంది, వేషం మోసమైంది. ఉత్తరాదిన షకారాన్ని ఖకారంగా పలికే అలవాటు వల్ల పాషండం పాఖండమైంది. అక్కడ దాని అర్థం చివరికి కపటం, దొంగభక్తి దగ్గర స్థిరపడింది. హిందీలో పాఖండీ బాబా అంటే మనం దొంగస్వామి అనే మనిషి. తెలుగులో ఆ పని దొంగ అనే మాటే చేస్తోంది కనుక పాషండ శబ్దం పాత నింద దగ్గరే ఆగింది. హిందీ పాఖండీకి లోపల నమ్మకమే లేదు, అంతా నటన. తెలుగు పాషండుడికి నమ్మకం ఉంది, అది మనది కాదు. తెలుగు, హిందీ రెండూ తెలిసినవారు ఈ తేడా మరిచి ఒకదాన్ని ఇంకోదాని చోట వాడితే అర్థం తలకిందులవుతుంది.

శైవ వైష్ణవ కలహాలు పెరిగాక ఈ మాట వేదాన్ని ఒప్పుకున్నవారి మధ్య కూడా తిరగడం మొదలైంది. పద్మపురాణం ఉత్తరఖండంలో భస్మం, కపాలం, ఎముకలు ధరించేవారు పాషండులు. కృష్ణమిశ్రుడి ప్రబోధచంద్రోదయంలో మూడో అంకం పేరే పాషండ విడంబనం. దిగంబరుడు, బౌద్ధ భిక్షువు, కాపాలికుడు రంగం మీదికి వచ్చి ఒకరినొకరు ఎద్దేవా చేసుకుంటారు. ఆ నాటకాన్ని నంది మల్లయ, ఘంట సింగన తెలుగులో ప్రబంధం చేశారు. అప్పటికి ఈ మాటకు కొత్త శత్రువు ఎప్పుడూ సిద్ధంగా ఉండేవాడు. నుదుటి బొట్టు తీరు మారితే చాలు.

అయినా ఒక శాసనం ఈ కథను మరోవైపు తిప్పింది. 1368లో విజయనగర రాజు మొదటి బుక్కరాయలు శ్రవణబెళగొళలో వేయించినది అది. జైనులకూ శ్రీవైష్ణవులకూ గొడవ వచ్చింది. ఆనెగొంది, పెనుగొండ మొదలైన చోట్ల నుంచి జైనులు వచ్చి రాజుకు మొరపెట్టుకున్నారు. శాసనం మొదటి శ్లోకం రామానుజులను స్తుతిస్తుంది. పాషండమనే సముద్రానికి ఆయన బడబాగ్ని అంటుంది. ఆ శ్లోకం కిందే తీర్పు ఉంది. వైష్ణవ దర్శనానికీ జైన దర్శనానికీ భేదం లేదని రాజు ప్రకటించాడు. జైనుల చేతిని శ్రీవైష్ణవుల చేతిలో పెట్టాడు. పంచమహావాద్యాలూ కలశమూ జైనులకు వెనకటిలాగే చెల్లుతాయన్నాడు. రాజ్యంలోని జైనుల ఇళ్ల నుంచి ఏటా ఇంటికొక హణం చొప్పున తీసి, బెళగొళ దేవుడికి ఇరవైమంది కాపలాదారులను పెట్టి, మిగిలిన డబ్బుతో జీర్ణమైన జైన బసదులకు సున్నం వేయించే పనిని తిరుమల తాతయ్యకు, అంటే ఒక శ్రీవైష్ణవ ఆచార్యుడికి అప్పగించాడు.

ఈ శాసనంలో మాటల ఎంపిక గమనించాలి. స్తుతిలో పాషండం, తీర్పులో దర్శనం. రాజు ఇరువురినీ ఒకేచోట నిలబెట్టాలనుకున్న క్షణాన ఇరువురికీ ఒకే మాట కావలసి వచ్చింది. పాషండం ఆ పనికి ఎప్పుడో చెడిపోయింది. కనుక దర్శనం తెచ్చాడు. అశోకుడు పాషండంతో చేసిన పనినే బుక్కరాయలు దర్శనంతో చేశాడు.

యూరప్‌లోనూ ఇలాంటి చరిత్రే ఉంది. గ్రీకులో హైరెసిస్ అంటే ఎంపిక, తాను ఎంచుకున్న మార్గం. యూదు చరిత్రకారుడు జోసెఫస్ పరిసయ్యులను, సద్దూకయ్యులను, ఎస్సీనులను ఆ మాటతోనే పరిచయం చేశాడు. తరవాత చర్చి చేతుల్లో అదే మాట మతద్రోహానికి పేరైంది. ఏ దేశంలోనైనా మార్గానికి పేరు, తన మార్గమొక్కటే మార్గమనుకునేవాడి చేతిలో పడితే నేరానికి పేరవుతుంది.

ఇప్పుడు మన తెలుగులో పాషండం మొదట చేసిన పనిని చేస్తున్నది మతం. అది మన్ ధాతువు నుంచి వచ్చింది, తలపోయడం దాని మూలార్థం. శాస్త్రచర్చల్లో పాణిని మతం, భామహుడి మతం అంటే అభిప్రాయమే. సమ్మతం, అభిమతం, బహుమతం అన్నీ ఆ చెట్టు కొమ్మలే. మతం నిందగా మారకపోవడానికి ఒక్కటే కారణం. మా మతం అని మనమూ అంటాం, ఎదుటివారూ అంటారు. సంప్రదాయం, దర్శనం, విశ్వాసం కూడా అలాగే బతికి ఉన్నాయి. మత సమూహాల గురించి వాడే ఏ విశేషణానికైనా ముందు మా అని చేర్చి చూడాలి. అతికితే అది పేరు. అతకకపోతే, అది ఎంత శాస్త్రీయంగా కనిపించినా, ఎంత పాత గ్రంథంలో ఉన్నా, తిట్టే. మా పాషండం అనే సమాసం మాయమైన రోజునే ఆ మాట చరిత్ర మలుపు తిరిగింది. ఆత్మ పోయి పర ఒక్కటే మిగిలింది.

అశోకుడి పాఠం చెప్పేటప్పుడు మన బడి పుస్తకాలు పరమత సహనం అనే మాట వాడతాయి. పర అన్నది సరిగ్గా పరపాషండంలోని పరే, అందుకు సంతోషం. సహనం మాత్రం శాసనంలో లేదు. సహించడం అంటే బాధను ఓర్చుకోవడం. కౌటిల్యుడు అడిగింది అంతవరకే. అశోకుడు పూజించమన్నాడు, సమవాయం, అంటే కలిసి ఉండడం, మంచిదన్నాడు, ఒకరి ధర్మాన్ని ఒకరు శుశ్రూష చేయాలన్నాడు. శుశ్రూష అంటే మనకిప్పుడు రోగికి చేసే సేవ. మాట మూలంలో ఉన్నది వినాలనే కోరిక. రోగికి సేవ చేయాలన్నా ముందు అతని మూలుగు వినాలి కదా, ఆ దారినే అర్థం మారింది. ఎదుటి మతాన్ని ఓర్చుకుంటే చాలదు, దాన్ని వినాలన్న కోరిక ఉండాలన్నది ఆ శాసనం కోరింది. పరమత శుశ్రూష అనే సమాసం తెలుగులో ఇంతవరకూ వాడుకలో లేదు. మన పిల్లలకు అశోకుణ్ణి నేర్పే పాఠంలో ఆ సమాసాన్ని పెట్టి, పాషండ శబ్దం మొదటి అర్థాన్నీ తరవాతి అర్థాన్నీ పక్కపక్కనే రాసి, ఎర్రగుడి పేరు కూడా చెప్పాలి. ఒక పేరు తిట్టుగా ఎలా మారుతుందో తెలిసిన పిల్లలు, తాము రోజూ వాడే మాటల్లో ఏవి ఆ దారిన పోతున్నాయో తామే గుర్తుపడతారు.